సొరఖ అంటే ఏమిటి?

అనగా అనగా, మీ తాతల తాతలు కూడా పుట్టకముందు, రత్నగిరిని ఒక రాజు ఏలేవాడు. ఆయనకి ముగ్గురు కొడుకులు. కడగొట్టువాడు ఉదయకేతు. వాడి భార్య బ్రీజ మనవైపు పిల్ల కాదర్రా! ఏడు సముద్రాల అవతలి మంచుదీవుల పిల్ల. ఊహ తెలియని వయసులో ఓడెక్కి వచ్చేసింది. వాళ్ళకో ఆడపిల్ల పుట్టింది. బ్రీజ ఊయల మీదికి వంగి, తన అమ్మమ్మ పేరుతో "సొరఖా!" అని పిలిచింది.

"సొరకాయా? దానికన్నా బీరకాయ నయం చెల్లీ!" అని తోడికోడళ్ళు పకపకా నవ్వారు.

ఆ రాజ్యంలో ఒక కట్టుబాటు ఉంది. ఊయలలో పిలిచిన పేరు మార్చకూడదు. బారసాలనాడు తండ్రి ఆ పేరు బియ్యంలో రాసి, అర్థం అందరికీ చెప్పాలి. బ్రీజకేమో అర్థం తెలియదు.

సరిగ్గా అప్పుడే కాలదంష్ట్రుడనే మాంత్రికుడు దిగాడు. "ఆ పేరుకి అర్థం చీకటి. చీకటి పేరున్న పిల్లలంతా నావాళ్ళే. బారసాలనాడు పట్టుకుపోతాను. కాదంటే సాక్ష్యం తెండి!"

బ్రీజ బిడ్డని గుండెకి హత్తుకుంది. ఉదయకేతు లేచాడు. "అడిగొస్తాను."

"ఎవర్ని?" అంది బ్రీజ.

"ఆ పేరు పెట్టుకునేవాళ్ళనే."

ఒక సముద్రం దాటాడు, మరో సముద్రం దాటాడు, ఏడూ దాటాడు. అక్కడ బండమీద మీసాల సీలు పిల్ల ఒకటి ఎండ కాగుతోంది. "నా పేరు రోనన్. అంటే సీలు పిల్ల" అంది.

"మరి సొరఖ అంటే?"

"నా పేరే నాకు తెలుసు. పక్కవాళ్ళ పేరుకి ఊహించి అర్థం చెప్పను బాబూ. ఆ కాకినడుగు."

బొంతకాకి మెడ తిప్పి చూసింది. "నేను బ్రాన్. అంటే బొంతకాకే, అంతకు మించి లేదు. ఆ గుడిసెలో అవ్వ మనవరాలు సొరఖ. వెళ్ళడుగు."

తెల్లవారుతోంది. అవ్వ గుమ్మంలో కూర్చుని మనవరాలికి జడ వేస్తోంది.

"అవ్వా, ఆడపిల్లకి చీకటని పేరు పెడతారా మీరు?"

"ఎందుకు పెట్టం నాయనా? నల్లజుట్టు పిల్లని ముద్దుగా కీరా అంటాం. సొరఖ వేరు." అవ్వ సముద్రం మీద పరుచుకుంటున్న ఎండని చూపించింది. "అదిగో, అదీ సొరఖ అంటే. వెలుగు."

ఉదయకేతు ఆ వెలుగు చూస్తూ ఉండిపోయాడు. బ్రీజ ఇన్నాళ్ళూ అర్థం తెలియకుండానే మోసుకొచ్చింది దీన్నా!

అంతలో కాకి వాలింది. "ఆ కొండ వెనక మాంత్రికుడి గుహలో చిలకుంది. 'సొరఖ అంటే చీకటి' అని దానికి నేర్పాడు. వాడి ప్రాణం అందులోనే. నేర్పిన అబద్ధాన్ని అది వాడి ఎదుట కాదన్ననాడు వాడి బతుకు ఆఖరు. మెడ విరిచెయ్!"

ఉదయకేతు గుహలో దూరి చిలక మెడ పట్టుకున్నాడు. మళ్ళీ వదిలేశాడు. "చచ్చిన చిలక సాక్ష్యమేం చెబుతుంది?"

దాన్ని భుజానెక్కించుకుని, జామపండు తినిపిస్తూ, ఏడు సముద్రాల పొడుగునా ఒకటే మాట నేర్పాడు.

బారసాలనాడు మాంత్రికుడు ఊయల మీద చెయ్యి వేశాడు. "ఏదీ సాక్ష్యం?"

ఉదయకేతు పైపంచె తీశాడు. భుజం మీది చిలక గొంతు సవరించుకుంది. "సొరఖ అంటే వెలుగు!"

మాంత్రికుడు నిలబడ్డచోట, ఊయల పక్కన గుప్పెడు మసి మిగిలింది. ఉదయకేతు ఉంగరంతో బియ్యంలో పేరు రాశాడు.

సొరఖ పెరిగింది, మెచ్చినవాణ్ణి పెళ్ళాడింది, రత్నగిరిని చాలాకాలం చల్లగా ఏలింది. ఆమెకీ ఆడపిల్లే పుట్టింది. కీరా అని పిలిచింది.

"ఈసారి దోసకాయా?" అంది ముసలి పెద్దమ్మ. "అర్థమేమిటే?"

"చీకటి పెద్దమ్మా. ఆ జుట్టు చూడు!"

సభలో ఒక్కరూ ఉలిక్కిపడలేదు. పెద్దమ్మ వంగి, ఆ నల్లటి జుట్టుని ముద్దు పెట్టుకుంది.