కొండ దిగొచ్చిన సాయం

అనగనగా, మా తాతగారి తాతకి ఇంకా పాలపళ్ళు రాని కాలంలో, ఓ కొండ మీద కోట, కోటలో ఓ రాజు. మంచివాడే. కాకపోతే ఎన్నడూ కాలు కింద పెట్టి ఎరగడు. గడప దాటితే పల్లకీయే.

ఆ రాజు దండోరా వేయించాడు: "కడుపుతో ఉన్న పేద ఆడవాళ్ళకి పాలకీ బెల్లానికీ డబ్బులిస్తాం. మూడో నెలలో ఓసారి, ఆరో నెలలో ఓసారి, తొమ్మిదో నెలలో ఓసారి. ఎవరికి వారే కోటకొచ్చి తీసుకోవాలి."

కోట దారేమో నిట్టనిలువు. మా అరుగు మూడు మెట్లెక్కి కూలబడే నాలాంటివాడు ఆ కొండ గురించి చెప్పడమే ఎక్కువ.

కొండ కింద గంగులమ్మనే ఓ ముసలమ్మ. గాడిద మీద ఉప్పు వేసుకుని ఊరూరా అమ్మేది. పక్క గుడిసెలో ఈరమ్మ. మొగుడు పోయాడు, కడుపులో బిడ్డ, గంజినీళ్ళే తిండి.

మూడో నెలలో గంగులమ్మ ఉప్పు దించేసి, ఈరమ్మని గాడిదెక్కించి కోటకి తీసుకెళ్ళింది. వాకిట్లో కావలివాడు నవ్వాడు.

"ఏమవ్వా, ఉప్పు మానేసి మనుషుల్ని అమ్ముతున్నావా?"

"సాయం పైనుంది, ఆకలి కిందుంది నాయనా. మధ్యలో గాడిదన్నా ఉండొద్దూ?"

ఆరో నెలలో మళ్ళీ ఎక్కారు. డబ్బులిచ్చే అధికారి విసుక్కున్నాడు.

"ఇంత పొద్దెక్కా రావడం?"

"సాయం పైనుంది, ఆకలి కిందుంది దొరా. ఓసారి దిగి చూడు, తెలుస్తుంది."

తొమ్మిదో నెలలో ఈరమ్మ నడుముకి ఆసరాగా ఉంటుందని, ఉన్న ఒక్క ఉప్పు బస్తానీ గాడిద మీద వేసింది గంగులమ్మ. సగం దారిలో వాన. గాడిద కూలబడింది. ఈరమ్మకి నొప్పులు.

"అవ్వా, బిడ్డ దక్కదేమోనే!"

గంగులమ్మ ఆమెని బండ మీద బస్తాకి ఆనించింది. ఉప్పు కరిగిపోతున్నా అటు చూడలేదు. కోట వైపు తిరిగి కేక పెట్టింది.

"రాజా! సాయం పైనుంది, ఆకలి కిందుంది! ఆకలి ఇంక కదల్లేదు. సాయమే కదలాలి!"

ఆ కేకకి వాన ఆగిపోయిందట. కొండ ఉలిక్కిపడిందట. నేనుంటే చెవులు మూసుకుని గాడిద వెనక దాక్కునేవాణ్ణి. రాజు మాత్రం పల్లకీ కోసం ఆగలేదు. డబ్బుల మూట చంకన పెట్టుకుని, చెప్పుల్లేని కాళ్ళతో జారుతూ, పడుతూ దిగాడు.

దిగేసరికి బండ మీద బిడ్డ కేరుమంటోంది. తల్లి బతికింది. రాజు మోకాళ్ళ నిండా నెత్తురు. గంగులమ్మ మూట అందుకుని ఈరమ్మ కొంగున ముడేసింది.

"వచ్చావా నాయనా" అని గాడిదకి ఆనుకుని కళ్ళు మూసింది. మళ్ళీ తెరవలేదు.

కరిగిన ఉప్పు ఆ బండలో ఇంకింది. ఎన్ని వానలు కురిసినా ఆ బండ ఈనాటికీ తెల్లగానే ఉంది.

ఆనాటి నుంచి ఆ సీమలో కడుపుతో ఉన్న ఏ ఆడమనిషీ కొండెక్కలేదు. డబ్బే గడపలోకి వస్తుంది. తెచ్చినవాడు ఎంతటి అధికారైనా చెప్పులు విడిచి బయటే నిలబడాలి. ఉప్పు చేతికిస్తే గొడవలని మనమంతా భయపడతామా, అక్కడ మాత్రం ఆమె వచ్చి అతని అరచేతిలో చిటికెడు ఉప్పు పెడుతుంది. అతను దాన్ని కళ్ళకద్దుకుని, తల వంచి అంటాడు:

"సాయం దిగొచ్చింది తల్లీ."