ఇసుకదారి మైసమ్మ వెలసిన వృత్తాంతము

థార్ ఎడారిలో పడమటి సరిహద్దు వైపు సాగే తారు రోడ్డు మీద, ఖారోడా అనే చిన్న పల్లె దాటిన తరువాత, కనుచూపు మేరలో ఇల్లు గానీ చెట్టు గానీ కానరాని చోట ఇసుకదారి మైసమ్మ తల్లి కొలువై ఉన్నది. గుడి చిన్నది. రేకుల కప్పు, మూడు వైపులా రాతి గోడ, తూర్పున వాకిలి. లోపల అమ్మవారి రూపంగా పూజలందుకుంటున్నది రోడ్డు పక్కన పాతే మైలురాయి. దాని మీద ఊరి పేరు లేదు, దూరం లేదు. పసుపు, కుంకుమ, వెండి కళ్లు మాత్రమే ఉన్నవి. చెరువు కట్టల మీద వెలిసే మన మైసమ్మ నీటి చుక్క లేని ఈ సీమకు ఎట్లా వచ్చిందని తెలుగు యాత్రికులు అడుగుతుంటారు. ఆ కథ ఇది.

పూర్వం ఇక్కడ దారి అన్నది లేదు. ఒక పల్లె నుండి మరొక పల్లెకు పోవాలంటే పొద్దంతా ఒంటె మీద ప్రయాణం. పెద్ద గాలి వీచిందంటే నిన్నటి ఇసుక దిబ్బ నేడు ఉన్న చోట ఉండేది కాదు. జబ్బు చేసినవారిని పట్నం చేర్చబోతే సగం దారిలోనే కన్నుమూసేవారు. అందుచేత సర్కారు ఇక్కడ రోడ్డు వేయ సంకల్పించగా, మట్టిపనిలో పేరుపడిన పాలమూరు జనం ఒక జట్టుగా వచ్చారు. జట్టుకు మేస్త్రీ ఆశన్న. అతని అక్క కుర్మమ్మ.

తల్లి పోయేనాటికి ఆశన్న పాలు మరవని పిల్లవాడు. కుర్మమ్మే గంజి పోసి సాకింది. పెళ్లయి, భర్త పోయి, తిరిగి తమ్ముడి ఇంటికే చేరింది. అతడు ఎక్కడికి పనికి పోతే అక్కడికి ఇనుప తట్ట చంకన పెట్టుకుని పోయేది. ఈసారి దూరం పోవాలని తెలిసి, ఊరి చెరువు కట్ట మైసమ్మ ముందు నిలబడి, "తల్లీ, ఇన్నేండ్లు నీకు దీపం పెట్టిన. ఇగ నా తోటి గాదు. నువ్వే నా ఎంబడి రా" అని మొక్కి, గుప్పెడు కట్ట మట్టి కొంగున ముడివేసుకున్నది.

ఇక్కడి పని వారు ఎరిగిన పని కాదు. పరచిన కంకరను ఇసుక కప్పేది. తోడిన చోటే మళ్లీ తోడవలసి వచ్చేది. నీళ్లు ట్యాంకరులో పట్నం నుండి రావాలి, అది వచ్చిన నాడే పండుగ. పీపాలలో నింపిన ఆ నీటికి ఆశన్న స్వయంగా కాపలా కాసేవాడు.

ఒకనాడు హర్జీ అనే ముసలి ఒంటెల కాపరి మందను తోలుకుని అటు వచ్చాడు. ఒంటెలు నీటి వాసన పట్టి పీపాల మీదికి నడిచాయి. ఆశన్న కర్ర ఎత్తి అడ్డం వచ్చాడు. "మా పిల్లలకే సాలుత లెవ్వు. నీ మందకు ఏడికెల్లి తెద్దు? పో అవతలికి" అన్నాడు. అతడు చెడ్డవాడు కాడు. జట్టులో చంటిపిల్లల తల్లులున్నారు. అయినా కర్ర ఒక ఒంటె మూతికి తగిలి నెత్తురు చిమ్మింది. హర్జీ మందను మళ్లించుకుని వెనుదిరిగాడు.

కుర్మమ్మ మనసు ఆగలేదు. తన వంతు చెంబెడు నీళ్లు పట్టుకుని ముసలివాని వెంట నడిచింది. అతడు సగం తాగి, మిగిలిన సగం దెబ్బతిన్న ఒంటె నోట పోశాడు. ఆమె తల మీద చేయి ఉంచి వెళ్లిపోయాడు.

"నీ నీళ్లు వానికి పోస్తివి. నువ్వేం తాగుతవక్కా?" అని తమ్ముడు కోప్పడ్డాడు.

"దూపగొన్నోన్ని ఉత్తగ పంపితే నా గొంతుల నీళ్లు దిగుతయా తమ్మీ? నువ్వు ఆ కర్ర ఎత్తకుండ ఉండాల్సింది."

ఆశన్న తిరిగి పీపాల కాపలాకు పోయాడు.

వైశాఖంలో ఎండలు ముదిరాయి. వచ్చిన దారిని వెనుక ఇసుక మూసివేసింది. ట్యాంకరు రాలేదు. పీపాలు అడుగంటాయి. పిల్లలు తడిగుడ్డ చప్పరిస్తున్నారు. "బండి యాడనో దిగబడి ఉంటది. నేను పోయి చూసొస్త" అని ఆశన్న బయలుదేరాడు. గాలి తీరు బాగాలేదని అక్క చెప్పినా, పిల్లల ముఖాలు చూసి ఆగలేకపోయాడు.

అతడు పోయిన కొంతసేపటికి పడమట ఆకాశం ఎర్రబడి, ఇసుక గోడలాగా లేచింది. గుడారాలు ఎగిరిపోయాయి. జట్టు జనం పిల్లలను పొట్టకు అదుముకుని రోడ్డు రోలరు చాటున ముడుచుకున్నారు. కుర్మమ్మ మాత్రం తడుముకుంటూ రోడ్డు కొసకు పోయింది. అక్కడ ఇంకా అక్షరాలు రాయని మైలురాయి ఒకటి పాతి ఉంది. గాలికి కొట్టుకుపోకుండా కొంగును ఆ రాతికి చుట్టుకుని, తట్ట బోర్లించి, పార కామతో కొట్టసాగింది. కొట్టి కొట్టి పిలిచేది.

"తమ్మీ, ఇటు రా. తమ్మీ, ఇటు రా."

వాళ్లూ వీళ్లూ వచ్చి లెమ్మన్నారు. "నేను లేస్తె వానికి దిక్కు జూపేదెవరు?" అన్నది. అరచేతులు పగిలాయి. కొంతసేపటికి గొంతు పోయింది. ఇనుము ఒక్కటే పలికింది. "తల్లీ, గంజి పోసి సాకిన పానమది. నీ మట్టి దప్ప నా కాడ ఇంకేం లేదు" అని లోలోపల ఏడ్చింది. కొంగు లాగులాటలో ముడి ఊడి ఆ గుప్పెడు మట్టి రాతి మొదట రాలింది. ఆమె అది చూసుకోలేదు.

పొద్దు వాలేవేళకు గాలి పలచబడింది. ఆ మసకలో ముందు ఒక ఒంటె తల కనిపించింది. తరువాత హర్జీ. ఒంటె మీద తాళ్లతో కట్టి ఉన్నాడు ఆశన్న. ఊపిరి ఉంది.

తమ్ముడి నోట తడిగుడ్డ పిండుతున్న కుర్మమ్మతో హర్జీ తన భాషలో, ఇన్నాళ్లకు ఆమెకు అలవాటైన మాటలతో నెమ్మదిగా చెప్పాడు. "ఇతను ఇసుకలో పడి ఉన్నాడు. కర్ర ఎత్తినవాడని గుర్తుపట్టాను బిడ్డా. దాటి నాలుగడుగులు పోయాను కూడా. నీ చెంబు నీళ్లు జ్ఞాపకం వచ్చి వెనక్కి వచ్చాను. కానీ ఆ దుమారంలో నాకే దారి తప్పింది. అప్పుడు ఇనుము మోత వినిపించింది. తట్ట నెత్తిన పెట్టుకుని నువ్వు ముందు నడుస్తున్నావు. నీ పచ్చ చీర మీద ఇసుక రేణువైనా పడలేదు. నీ వెనుకనే వచ్చాము."

"నేను ఈ రాయి కాడికెల్లి కదల్లేదు పెద్దాయనా. నాది పచ్చ చీర గాదు" అన్నది కుర్మమ్మ.

అప్పుడు ఇద్దరూ రాతి వైపు చూశారు. రోడ్డంతా ఇసుక కింద పూడుకుపోయింది. రాతి చుట్టూ మాత్రం ఊడ్చినట్టుగా నేల బయటపడి ఉంది. దాని మొదట చెరువు కట్ట నల్లమట్టి, రాలింది రాలినట్టే ఉంది. కుర్మమ్మ సాగిలపడింది.

మరునాడు ట్యాంకరు వచ్చింది. లేచి నడవగలిగిన ఆశన్న తొలి బకెట్టు తీసుకుపోయి, మూతి పగిలిన ఒంటె ముందు పెట్టాడు. హర్జీ కాళ్లు పట్టుకోబోతే ముసలివాడు పట్టుకోనివ్వలేదు. సంగతి విన్న ఇంజనీరు ఆ రాతిని కదపక, దాని పక్కనుండే రోడ్డు పోనిచ్చాడు. రాతి మీద రంగుతో అంకె వేయడానికి ఎవరికీ చేయి రాలేదు.

పని ముగిసి జట్టు వెళ్లిపోయేనాడు కుర్మమ్మ తన తట్టను రాతి పక్కన పాతిన గుంజకు వేలాడదీసి, దీపం పెట్టే బాధ్యత హర్జీకి అప్పగించింది. "గాలి లేస్తే ఇది కొట్టు పెద్దాయనా. నేనెట్ల పిలిచిన్నో అట్ల పిలువు" అన్నది.

నేటికీ హర్జీ వంశంవారే ఇక్కడ అర్చకులు. రోజూ దీపారాధన, శ్రావణ మాసంలో బోనం జరుగుతాయి. ఈ మార్గాన పోయే లారీ డ్రైవర్లు ఇక్కడ ఆగి, ఎదురైన వారెవరికైనా ముందు నీళ్లిచ్చి, తరువాతనే తాము తాగుతారు. ఇక్కడ ఇంట్లో ఉన్నవారి కోసం మొక్కు లేదు. దారిలో ఉన్నవారి కోసమే మొక్కుతారు. అట్లా మొక్కినవారి మనుషులు క్షేమంగా ఇల్లు చేరుతారని ప్రతీతి. ఇసుక గాలి లేచిన వేళ గుడిలో హారతి నిలిపివేస్తారు. అది తగ్గేదాకా అర్చకులు ఒకరి తరువాత ఒకరు తట్ట మోగిస్తూ, అమ్మవారి మంత్రం పలుకుతారు. వారికి తెలుగు రాదు. ఆ మాటలకు అర్థమేమిటో వారు ఎవరినీ అడగలేదు.

"తమ్మీ, ఇటు రా."