అచ్చియ్యమ్మ ఎక్కిన కొండ

చయనులు గారికి ఒక అలవాటుండేది. శాస్త్రంలో సందేహం అడిగితే శాస్త్రంతోనే జవాబు చెప్పేవారు. బతుకులో సందేహం అడిగితే మాత్రం, ఊళ్ళో జరిగిందేదో చెప్పి ఊరుకునేవారు.

విశ్వపతి ఆయన దగ్గర వ్యాకరణం చదువుకుంటున్నాడు. పండిత సభలో నిలబడి వాదించగలగాలని అతని కోరిక. చదువు సగంలో ఉండగా మేనమామ కబురు పెట్టాడు. జమీందారు గారింట పురాణం చదివే పని ఉందట. తిండి, బట్ట, పట్టెమంచం అన్నీ వాళ్ళవే. మిగిలిన చదువు అక్కడే తీరిగ్గా చదువుకోవచ్చునట. చన్నీళ్ళ స్నానాలతో, వారాల భోజనంతో, ఎంత వల్లించినా కొరుకుడుపడని సూత్రాలతో విసిగి ఉన్న విశ్వపతికి ఆ కబురు తియ్యగానే వినిపించింది. అయినా మనసు పూర్తిగా ఒప్పక గురువును అడిగాడు.

"చేరవలసిన చోటు ఒకటే అయినప్పుడు, సుఖమైన దారిన పోతే తప్పేముందండీ?"

చయనులు గారు చాప మీద సర్దుకు కూర్చుని ఈ సంగతి చెప్పారు.

మన కొండ కింద పేటలో అచ్చియ్యమ్మ అని ఒకామె ఉంది. పుట్టుకతోనే ఒక కాలు చచ్చుబడింది. కొండ మీద అమ్మవారి జాతరకు ఏటా అన్న పైడయ్య ఆమెను వీపున మోసుకెళ్ళేవాడు. కిందికి దిగాక ఆడవాళ్ళు, "పైడయ్య పుణ్యాన నీకూ దర్శనమైంది," అనేవారు. వాళ్ళు అన్నది నిజమే. కానీ ఆ నిజం ఏటేటా ఆమెకు ముల్లులా గుచ్చుకునేది. ఒక జాతరనాడు పైడయ్య వచ్చి వీపు వంచితే ఆమె ఎక్కలేదు.

"ఈ ఏడు నానే ఎక్కుతానన్నా."

పైడయ్య ముఖం చిన్నబోయింది. "నాను నీకేటి లోటు సేసినానే?"

"ఏ లోటూ సెయ్యనేదు. అందుకే ఈ మాట అనడానికి నాకిన్నేళ్ళు పట్టినాది. నువ్వు ముందు పో. పక్కనుంటే నాకు సాగదు."

అతను వెనక్కి తిరిగి చూసుకుంటూనే వెళ్ళాడు. ఆమె మెట్టు మీద కూర్చుని, చేతులు వెనక ఆనించి, ఒళ్ళు పైమెట్టుకు ఎత్తుకునేది. తరవాత చచ్చుబడ్డ కాలును చేత్తో పట్టి లాక్కునేది. ఎండ ఎక్కింది, రాళ్ళు కాలాయి. ఎరిగినవాళ్ళు జాలిపడుతూ దాటిపోయారు. పైన డప్పులు మొదలయ్యేసరికి ఆమె ఇంకా సగం దారిలోనే ఉంది. తొందరపడితే అరిచేతులు చీరుకుపోయాయి.

పొద్దు వాలుతుండగా జనం దిగడం మొదలుపెట్టారు. "అంతా అయిపోయిందే తల్లీ, ఇంకెక్కడికి? దిగిపో," అన్నారు. అప్పుడు ఆమె ఆగింది. కళ్ళనీళ్ళు తిరిగాయి. వాళ్ళ వెనకే పైడయ్య కూడా వచ్చి, మళ్ళీ వీపు వంచాడు. చిన్నప్పటినుంచీ ఎరిగిన వీపు. తల ఆనిస్తే చాలు, క్షణంలో నిద్ర పట్టే చోటు. ఆమె చాలాసేపు దానివైపే చూసింది. తరవాత కొంగుతో అరిచేతులు తుడుచుకుని, పైమెట్టు మీద చెయ్యి వేసింది. పైడయ్య నిటారుగా లేచి, ఆమె వెనకే నడిచాడు.

ఆమె పైకి చేరేసరికి డప్పులవాళ్ళు లేరు, దుకాణాలు లేవు. తొక్కుడుపడ్డ పూలూ, ఆరిపోవచ్చిన దీపమూ ఉన్నాయి. ఆమె అమ్మవారి ఎదుట కూర్చుంది. ఏమీ కోరుకోలేదు. కాసేపటికి అన్నను పిలిచి, "ఇప్పుడెత్తుకో," అంది. దిగేటప్పుడు అతని వీపు మీదే నిద్రపోయింది.

చయనులు గారు అక్కడ ఆపేశారు. విశ్వపతి, "అంత కష్టపడ్డా పాపం ఆమెకు జాతర దక్కలేదు కదండీ!" అన్నాడు.

"దక్కలేదు," అన్నారాయన. "అయితే ఇప్పుడు ఆ కొండ ఎంత ఎత్తని ఎవరైనా అడిగితే, ఏటా ఎక్కే పైడయ్య కూడా చెల్లెలి వైపే చూస్తాడు."