దారాలవ్వ దాచిన ప్రాణం

ఏడు సముద్రాలు దాటి, ఆ పైన ఏడు ఆకాశాలు కూడా దాటితే, ఇద్దరు సూర్యులు పొడిచే లోకం ఒకటి వస్తుంది. ఆ లోకంలో అనగనగా ఒక రాజు ఉండేవాడు. అక్కడ చెట్లు లేవు. మరి నీడెలా అంటారా? తాడెత్తు పుట్టగొడుగులు ఉండేవి. వాటి కింద, నేల లోపల, తెల్లటి దారాలు లోకమంతా అల్లుకుని ఉండేవి. ఆ దారాలన్నీ కలిసి ఒక్కటే ప్రాణి. ఆవిడకు మనలాగే తెలివుంది, జ్ఞాపకముంది. అందరూ దారాలవ్వ అనేవాళ్ళు.

అవ్వ మాట్లాడే తీరే వేరు. ఒక పుట్టగొడుగు ఒక మాట చెబుతుంది. కాసేపాగి పక్క గొడుగు రెండో మాట చెబుతుంది. ఆవిడ చెప్పేది వినాలంటే గొడుగు వెంట గొడుగు నడుస్తూ పోవాలి. అన్నం తిన్నావా అని ఆవిడ అడగడం అయ్యేసరికి తిన్నది అరిగిపోయి మళ్ళీ ఆకలేసేది.

రాజుకు ముగ్గురు కొడుకులు. మంత్రి కూతురు కేతకి వాళ్ళతోపాటే పెరిగింది. చిన్నవాడు మందారుడికి కేతకి అంటే ప్రాణం, ఆమెకూ అంతే. ఒకరోజు ధూమకర్ణుడనే మాంత్రికుడు పొగలా వచ్చి ఆమెను ఎత్తుకుపోయాడు. తొమ్మిదో రోజున తమ పెళ్ళి అని చాటింపు కూడా వేయించాడు.

ముగ్గురు అన్నదమ్ములూ బయలుదేరారు. రాజుగారి సాలలో గుర్రాలు రెండే ఉన్నాయి. పెద్దవాళ్ళు చెరొకటీ ఎక్కేశారు. మందారుడికి మంచమంత ముసలి నత్త మిగిలింది. ముగ్గురూ కలిసి అవ్వను సాయం అడిగారు.

అవ్వ మొదలుపెట్టింది. మాంత్రికుడు నల్లకొండ మీద ఉన్నాడు అంది. అంతే, పెద్దవాడు కత్తి దూసి గుర్రాన్ని దౌడు తీయించాడు. కొండెక్కి, మాంత్రికుడి మంత్రానికి రాయైపోయాడు. ఆ మాంత్రికుడి ప్రాణం వాడి దగ్గర లేదు, నా దగ్గర దాచాడు అంది అవ్వ. అంతే, రెండోవాడు గడ్డపార పట్టుకుని దౌడు తీశాడు. కొండ కింద తవ్వీ తవ్వీ, వాడూ రాయైపోయాడు.

మందారుడికీ మనసు కుదురుగా లేదు. త్వరగా పద, త్వరగా పద అని నత్తను తొందరపెట్టాడు.

"నాకు పరుగు రాదు బాబూ. అవ్వ మాట ఎంత జోరుగా పోతే నేనూ అంతే జోరుగా పోతాను" అంది నత్త.

అలా ఒక రోజు, రెండు రోజులు, మూడు రోజులు నడిచారు. మూడో రోజుకు అవ్వ మాట పూర్తయింది. "దాచమని ఇచ్చినదాన్ని పరాయివాళ్ళకు ఇవ్వను. వాడు చెప్పులు లేని కాలితో నన్ను తాకిన రోజున, వాడిది వాడికే ఇచ్చేస్తాను."

మందారుడు నత్త మెడ పట్టుకుని ఏడ్చాడు. ధూమకర్ణుడు నిద్రలో కూడా పాంకోళ్ళు విప్పడని అందరికీ తెలుసు. ఏడ్చి ఏడ్చి కళ్ళు తుడుచుకున్నాక ఒక సంగతి తట్టింది. పెళ్ళిలో అల్లుడి కాళ్ళు కడగాలి కదా! తన ఉపాయం అవ్వకు చెప్పాడు. అవ్వ దాన్ని మాట వెంట మాటగా కేతకి కిటికీ కింది గొడుగుల దాకా చేరవేసింది. కబుర్లు మోయవద్దని మాంత్రికుడు ఆవిడకు ఏనాడూ చెప్పలేదు మరి.

కాళ్ళు కడగని పెళ్ళి పెళ్ళే కాదని కేతకి మొండికేసింది. మాంత్రికుడు గడ్డం గోక్కుని, సరే, కానీ కాళ్ళు నేలమీద పెట్టను, పీటమీద పెడతాను అన్నాడు.

తొమ్మిదో రోజున, పెళ్ళికూతురి తండ్రిగా కాళ్ళు కడగడానికి మంత్రి పీట తెచ్చాడు. పుట్టగొడుగు కాడతో చెక్కి, బాగా ఎండబెట్టిన పీట అది. వెనకాల పనివాడి వేషంలో మందారుడు నీళ్ళ బిందె మోసుకొచ్చాడు. మాంత్రికుడు పీటను వేళ్ళతో కొట్టి చూశాడు. టకటకమంది. ఎండిందంటే చచ్చిందనుకుని పాంకోళ్ళు విప్పాడు.

మొదటి చెంబు పోశారు. పీట గుటుక్కున తాగేసింది. రెండో చెంబు పోశారు. పీట ఉబ్బి మెత్తబడింది. మాంత్రికుడికి అరికాళ్ళలో చక్కిలిగింతలై పడీ పడీ నవ్వాడు, కాళ్ళు మాత్రం తీయలేదు. మూడో చెంబు పోసేసరికి పీటలోంచి తెల్లటి దారాలు లేచి నేలను అందుకున్నాయి. చుట్టూ ఆరు చిన్న గొడుగులు మొలిచి, ఒక్కొక్కటే ఒక్కో మాట పలికాయి.

"ఇదిగో, నాయనా, నీ ప్రాణం నీకు ముట్టింది."

ప్రాణం తిరిగి వచ్చేసరికి, ఇన్నాళ్ళూ దగ్గరికి రాకుండా ఆగిన మూడు వందల ఏళ్ళూ ఒక్కసారే మీద పడ్డాయి. మాంత్రికుడు బోసినోటి ముసలివాడయ్యాడు. మంత్రాలన్నీ మరిచిపోయాడు. కొండమీదొక రాయి, కొండ కిందొక రాయి ఒళ్ళు విరుచుకుని లేచాయి. మందారుడు కేతకి చెయ్యి పట్టుకున్నాడు.

ముసలివాడు చుట్టూ చూసి, కేతకితో మెల్లగా అన్నాడు. "అమ్మా, నాకు ఆకలేస్తోంది."

మూడు వందల ఏళ్ళలో వాడికి వేసిన మొదటి ఆకలి అది. కేతకికి కోపం పోయి జాలేసింది. వాడికి గంజి పోసి, తరువాతే పెళ్ళిపీటలెక్కింది.

రాజు మందారుడికే పట్టం కట్టాడు. రోజూ ఉదయం కాసేపు నత్తమీద ఊరేగాలన్నది కొత్త రాజు పెట్టుకున్న నియమం. పెళ్ళినాడు అవ్వ దీవెన మొదలుపెట్టింది. రాజూ రాణీ ఆ దీవెన వెంట గొడుగు దాటి గొడుగు వెళ్ళేవారు. వాళ్ళకు పిల్లలు పుట్టారు, ఆ పిల్లలకూ పిల్లలు పుట్టారు. అవ్వకు చెప్పవలసింది ఇంకా మిగిలే ఉందట. అది అయ్యేదాకా వాళ్ళు చల్లగా ఉంటారు. అవ్వకేమో తొందర లేదు.