మరిడమ్మ చెయ్యి

అనగా అనగా, మీ తాతల తాతలకి పాలపళ్ళు కూడా రాని రోజుల్లో, ఉప్పుటేరు ఒడ్డున కోడలితో, చంటి మనవడితో మరిడమ్మ అనే ముసలమ్మ ఉండేది. తుంగ చాపలు అల్లుకుని బతికేది. ఒకరి జోలికి పోయేది కాదు.

ఒకనాడు చాప అల్లుతూ అల్లుతూ పక్కకి ఒరిగిపోయింది. తెలివొచ్చేసరికి కుడిచెయ్యి పడిపోయింది. ఎత్తబోతే లేవదు, పట్టబోతే పట్టదు. ఆ చెయ్యి ఆమె మాట వినలేదు.

అక్కడితో అయిపోతే ఈ కథెందుకు?

ఒక పొద్దున మరిడమ్మ ఆవలించింది. చచ్చుబడ్డ చెయ్యి దానంతటది పైకి లేచింది. ఆవలింత ఆగగానే వాలిపోయింది. మరిడమ్మ దాన్ని మళ్ళీ ఎత్తి చూడబోయింది. ఆ చెయ్యి ఆమె మాట వినలేదు.

రెండోసారి, పక్కింటామె ఓదార్చడానికొచ్చి ఆ అరచేతిలో చెయ్యి వేసింది. వేళ్ళు గబుక్కున మూసుకున్నాయి. ఆమె గాజులు పగలగొట్టుకుని విడిపించుకుని, వీధంతా చాటింది.

"ఆ సేతిలో ఎవురో ఉన్నారు."

ఇక ఆ గుమ్మం ఎవరూ తొక్కలేదు. మరిడమ్మకీ తన చెయ్యంటే భయం పట్టుకుంది. ఆవలింత వస్తే నోరు నొక్కేసుకునేది. చేతిని కొంగుతో నడుముకి కట్టేసుకునేది.

మూడోసారి జరిగింది చెప్పాలంటే నాకే గుండె దడ. కోడలు నూకాలు నీళ్ళకెళ్ళింది. చంటి మనవడు పాక్కుంటూ వచ్చాడు. కొంగుముడి జారింది. వాడు నాయనమ్మ అరచేతిలో తన చెయ్యి పెట్టాడు.

వేళ్ళు మూసుకున్నాయి. బిడ్డ కెవ్వుమన్నాడు. మరిడమ్మ లాగింది, బిగిసింది. నూకాలు పరిగెత్తుకొచ్చి లాగింది, ఇంకా బిగిసింది. ఊరంతా వచ్చి పడింది. ఊరిపెద్ద కొడవలి తెచ్చాడు.

"మరిడమ్మా, సెయ్యి కావాలా, బిడ్డ కావాలా?"

"బిడ్డే కావాల బాబూ. నరికీండి."

అనేసింది గానీ దుఃఖం ఆగలేదు. ఇన్నాళ్ళూ కూడు పెట్టిన చెయ్యి. పోయేముందు ఒక్కసారి నిమురుదామనిపించి, ఎడంచేత్తో దాని వెనకవైపు మెల్లగా రాసింది.

వేళ్ళు విడిపోయాయి.

బిడ్డ తల్లి చంకెక్కాడు. మరిడమ్మ తన చేతికేసి చూసింది.

"సంటిపిల్లలు జుట్టు పట్టుకుంటే ఇలాగే కదే నూకాలూ ఇడిపిస్తాం?" అంది. "ఇది దెయ్యం కాదర్రా. నా సెయ్యి మళ్ళీ సంటిపిల్లయిపోయింది."

భయం పోయిందా అంటే పోలేదు. కానీ కట్టేయడం మానేసింది. ఆవలింతకి చెయ్యి లేస్తే లేవనిచ్చి, తనూ దాంతో పాటు ఎత్తేది. అరచేతిలో తుంగకాడ పెట్టి పట్టించేది, వెనక నిమిరి వదిలించేది. వానలొచ్చాయి, వానలు పోయాయి. చాప మళ్ళీ అల్లలేకపోయింది గానీ, ఒకనాడు "వదులు" అనుకుంటే, నిమరకుండానే వేళ్ళు వదిలాయి. ఆ చెయ్యి ఆమె మాట వింది.

మరిడమ్మ ఎప్పుడో పోయింది. ఇప్పటికీ ఆ ఏటి ఒడ్డున ఎవరికైనా చెయ్యి పడిపోతే, అది మళ్ళీ మాట వినాలని, ఇంట్లో అందరికన్నా చిన్నబిడ్డని తెచ్చి, ఆ అరచేతిలో బిడ్డ చెయ్యి పెడతారు. వేళ్ళు మూసుకుంటాయి. ఎవరూ లాగరు. వెనకవైపు నిమురుతూ, "మరిడమ్మా, వదిలీయే తల్లీ" అంటారు.

వదిలేదాకా కన్నతల్లికి ఊపిరాడదు. అయినా బిడ్డని ఇస్తుంది.