ఎర్ర మరక

సన్యాసిరావు మాస్టారికి ఒక అలవాటుంది. ఆయన్ని ప్రశ్న అడిగితే జవాబు చెప్పరు, పని చెబుతారు. "జిల్లా జట్టులో నాకు చోటొస్తుందా మాస్టారూ?" అని ఒకసారి ఎవరో అడిగితే రోలరు లాగమన్నారట. లాగినవాడికి చోటు వచ్చిందో లేదో గాని, మళ్లీ ఆ ప్రశ్న అడిగే ఓపిక మాత్రం లేకుండా పోయింది. విజయనగరం పొలిమేరలో, మూతబడ్డ జనపనార మిల్లు వెనకున్న మైదానంలో నలభై ఏళ్లుగా ఆయన క్రికెట్ నేర్పుతున్నది ఈ పద్ధతిలోనే. అది బాగా తెలిసి కూడా గౌరీశ్వరి ఆ ఉదయం ఆయన్ని ఒక ప్రశ్న అడగడానికే వచ్చింది.

గౌరీశ్వరి పదకొండేళ్లుగా దేశం తరఫున ఆడుతున్న మనిషి. ఆల్‌రౌండరు. పేరు ఘనంగా ఉంటుంది గాని అదేమంత సుఖమైన కొలువు కాదు. పెళ్లింట్లో వండేదీ వడ్డించేదీ ఒకే ఆడపడుచు అయితే ఎలా ఉంటుందో అలా ఉంటుంది. కూర కుదిరితే వంటను మెచ్చుకుంటారు, పంక్తి సాగితే వడ్డనను మెచ్చుకుంటారు, ఆమెను మాత్రం "అప్పడాలేవమ్మా?" అని అడుగుతారు. మిగతావాళ్లు అవుటైపోయాక బ్యాటు పట్టుకుని దిగి ఆమె గట్టెక్కించిన మ్యాచ్‌లు చాలానే ఉన్నాయి. జనం ఆమెను గుర్తుపెట్టుకున్నది వాటితోనే. ఆమె ప్రాణం మాత్రం బంతిలో ఉండేది. చిన్నప్పుడు ఎర్రబంతిని ప్యాంటుకేసి రుద్ది రుద్ది ఇంటికొస్తే, కుడితొడ మీద మరక సబ్బుకు లొంగక వాళ్లమ్మ తిట్టుకుంటూ ఉతికేది. దేశానికి ఆడటం మొదలయ్యాక అంతా వన్డేల తెల్లబంతే అయింది. టెస్టుల్లో ఎర్రబంతితో ఆడే భాగ్యం ఎన్నిసార్లు దక్కిందో వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. మరక లేని ప్యాంటు చూసుకున్నప్పుడల్లా ఆమెకు ఏదో వెలితిగా ఉండేది.

ఇప్పుడు ఏ రంగు బంతీ లేకుండా పోయింది. నడుం దగ్గర వెన్నుపూస రెండోసారి చిట్లి, ఆర్నెల్లు మంచం పట్టించి, ఎలాగో అతుక్కుంది. బ్యాటింగ్ చేసుకోవచ్చు, పరుగెత్తొచ్చు, బంతి మాత్రం వెయ్యకూడదన్నాడు డాక్టరు. మళ్లీ చిట్లితే నడవడమే కష్టమని కూడా చెప్పాడు. సెలెక్టర్లు దయతలచి, బ్యాటింగ్ ఒక్కటే చేస్తానంటే వచ్చే టూరుకు తీసుకుంటామన్నారు. సాయంత్రంలోగా ఫోన్ చేసి ఏ సంగతీ చెప్పాలి. ఆమె ఇన్నాళ్లూ బంతి వేసిన చోటికి ఝాన్సీని ఎంచుకున్నారు. ఝాన్సీ కూడా ఈ మైదానంలోనే, ఈ మాస్టారి దగ్గరే తయారైన పిల్ల కావడం పుండు మీద కారం చల్లినట్టయింది.

"వెళ్లనని చెప్పేద్దామనుకుంటున్నాను మాస్టారూ," అంది గౌరి. "ఆట మానేస్తాను. బ్యాటు పట్టమంటే పడతాను గాని, బంతి ఇంకొకరి చేతిలో తిరుగుతుంటే చూస్తూ నిలబడలేను. ఈ యావ చావడం లేదు. దీన్ని ఎలా చంపుకోవాలో చెప్పండి."

మాస్టారు పిల్లల ప్రాక్టీసు మ్యాచ్‌కు వికెట్లు పాతుతూ తల కూడా ఎత్తలేదు.

"మిడాఫ్‌లో మనిషి లేదు. ఎల్లి నిలబడు," అన్నారు.

మిడాఫ్ అంటే బౌలరుకు పక్కగా, కాస్త ముందు ఉండే చోటు. బ్యాటరు వదిలేసిన బంతి కీపరు దగ్గర్నుంచి చేతులు మారుతూ చివరికి అక్కడికే వస్తుంది, అక్కణ్ణుంచి బౌలరుకు వెళ్తుంది. ఆ చోట నిలబడ్డవాళ్లకు ఒక ధర్మం ఉంది. బంతిని ఒక పక్కనే ప్యాంటుకేసి రుద్ది, నునుపు చెడకుండా చూసి మరీ ఇవ్వాలి. ఒక పక్క నున్నగా, రెండో పక్క గరుగ్గా ఉంటేనే బంతి గాలిలో వంపు తిరుగుతుంది. అలా రుద్దమని ఎవరూ అడగరు, రుద్దినందుకు ఎవరూ మెచ్చుకోరు.

బౌలింగుకు ఝాన్సీ వచ్చింది. తను అక్కా అని పిలిచే గౌరిని చూసి నవ్వింది. గౌరి కూడా నవ్వాననే అనుకుంది. మాస్టారు అంపైరుగా నిలబడి కొత్త ఎర్రబంతి ఝాన్సీ చేతిలో పెట్టారు. తెల్లబంతి టీవీ వాళ్లదని ఆయనకు కోపం, మైదానంలోకి రానివ్వరు.

మొదట్లో గౌరి తన దగ్గరికొచ్చిన బంతిని వచ్చింది వచ్చినట్టే విసిరేసింది. నీ బంతి నువ్వు చూసుకో అన్నట్టు ఉంది ఆ విసరడం. తనది కుళ్లని ఆమెకు తెలుసు. తెలిసినంత మాత్రాన కుళ్లు తగ్గుతుందా? చూస్తుండగానే బంతి మెరుపు పోయింది. ఝాన్సీ వేసినవన్నీ గీత గీసినట్టు తిన్నగా వెళ్తున్నాయి. బ్యాటర్లు సుఖంగా ఆడుకుంటున్నారు. ఝాన్సీ ముఖం చిన్నబోయింది గాని, పెద్దదాన్ని పట్టుకుని రుద్ది ఇవ్వమని అడగలేకపోయింది.

గౌరి చెయ్యి ఎప్పుడు మొదలుపెట్టిందో గౌరికే తెలీదు. బంతి రావడం, అది తొడ మీదికి పోవడం, చెమటతో తడిపి రుద్దడం, వెలుతురుకు ఎత్తి చూడటం, మళ్లీ రుద్దడం. పదిహేనేళ్ల పిల్లగా ఇదే మైదానంలో చేసిన పనే. కాసేపటికి బంతి ఒక చెంప నిగనిగలాడింది. చివరిసారి రుద్ది చూసుకుంటే వేళ్లు వాటంతటవే బంతి కుట్టు మీద సర్దుకుని ఉన్నాయి, తను వేసేటప్పుడు ఎలా సర్దుకునేవో అచ్చం అలాగే.

"అక్కా, బంతి," అని ఝాన్సీ చెయ్యి చాపింది.

గౌరి ఇవ్వలేదు. ఇద్దామనే అనుకుంది, వేళ్లు విడిపోలేదు. ఒక్క బంతి. ఒక్కటి వేస్తే ఏమవుతుంది? పరుగు మొదలుపెట్టే చోట ఝాన్సీ బూటుతో గీసుకున్న గీత కనిపిస్తోంది. పదడుగులు వెనక్కి నడిస్తే చాలు. గుండె ఎప్పుడో అక్కడికి వెళ్లిపోయింది. ఆమె మాస్టారి వంక చూసింది. ఆయన చూస్తూనే ఉన్నారు, వద్దని గాని వెయ్యమని గాని అనలేదు.

"ఏటక్కా, ఎయ్యాలనుందా?" అంది ఝాన్సీ మెల్లగా. ఆ మాటలో దెప్పు లేదు. అదే ఉండుంటే గౌరి కోపం తెచ్చుకుని బతికిపోయేది.

కళ్లలో నీళ్లు తిరిగాయి. తల వంచుకుని, బంతి ఝాన్సీ అరచేతిలో పెట్టి, మీద తన చెయ్యి ఒక్క క్షణం అలాగే ఉంచింది.

"మెరిసేది లెగ్‌ సైడుకు పెట్టు. మణికట్టు ముందే వాల్చేస్తున్నావు, బంతి వదిలేదాకా నిలబెట్టి ఉంచు," అని చెప్పి చెయ్యి తీసేసింది.

ఝాన్సీ పరుగెత్తుకొచ్చి వేసింది. బంతి తిన్నగా వెళ్తున్నట్టే వెళ్లి, బ్యాటరును తనవైపు లాక్కుని, ఆఖరున బయటికి వంపు తిరిగి ఆఫ్ స్టంపును ఎగరగొట్టింది. మైదానమంతా వినబడేలా అరిచింది గౌరి. ఝాన్సీ అరుపు ఆ తర్వాత వచ్చింది. ఝాన్సీ వికెట్టు వైపైనా చూడకుండా వచ్చి అక్కను వాటేసుకుంది.

ఆట ముగిశాక గౌరి మాస్టారి దగ్గరికొచ్చి నిలబడింది. బండకేసి ఆనించిన సంచీలో ఫోన్ మోగి మోగి ఆగిపోయింది. ఆమె దాన్ని పట్టించుకోలేదు.

"చావలేదు మాస్టారూ," అంది. "ఇంకా ఎక్కువైంది. అరిచానా, అరుస్తూనే ఆ బంతి నేను వేసి ఉంటే ఎంత బాగుండేదో అనుకున్నాను. ఇప్పటికీ అదే అనుకుంటున్నాను."

మాస్టారు దూరంగా బూట్లు విప్పుకుంటున్న ఝాన్సీ వైపు చూశారు. వికెట్లు తీసిన పిల్ల ప్యాంటు ఉతికి ఆరేసినంత తెల్లగా ఉంది. గౌరి ప్యాంటు మీద, కుడితొడ దగ్గర, అరచెయ్యంత ఎర్ర మరక. ఆయన ఆ మరకను చూసి, పడిపోయిన స్టంపు తీసి మట్టి దులుపుతూ అన్నారు:

"ఆ యావ కాస్తా చంపేసుకుంటే, రేపు ఆ పిల్లకి బంతి ఎవరు రుద్ది ఇస్తారే?"