నిట్టనిలువుగా పడిన రాయి

సుంకన్న అయ్యవారిని ప్రశ్న అడిగితే జవాబు అక్కడికక్కడ దొరకదు. చెప్పులు వేసుకుని ఎక్కడికో బయలుదేరతారు. వెనకాల నడిచినవాడికి దొరికితే దొరికినట్టు, లేకుంటే లేదు. ఆయన దగ్గర లెక్కలు చెప్పించుకుంటూ పంతులు ఉద్యోగం పరీక్షకు చదువుతున్న మద్దిలేటికి ఈ పద్ధతి ఏనాడూ నచ్చలేదు. నచ్చడం సంగతి అటుంచండి, అసలతడు దేన్ని నమ్మాడు గనక! తన చేత్తో పితికిన పాలలో కూడా నీళ్లున్నాయేమోనని వేలు ముంచి చూసే రకం.

ఆ రోజు పాఠం పరావలయం. పైకి విసిరిన రాయి గాలిలో గీసే వంపు అదేననీ, ఎక్కే సగం ఎలా ఉంటే దిగే సగమూ అచ్చం అలాగే ఉంటుందనీ అయ్యవారు పలక మీద గీసి చూపించారు. మద్దిలేటి ఆ గీతను అటు నుంచీ ఇటు నుంచీ చూశాడు. "ఒక సగం చూసి రెండో సగం ఇట్లే ఉంటాదని ఎట్ల నమ్మేది అయ్యోరా? పుస్తకంలో అచ్చేసినారని నమ్మాల్నా?" అన్నాడు.

"నిన్న నీ కొట్టం మీద రాయి పడిందంట గదా. చూద్దాం పా," అని అయ్యవారు చెప్పులు వేసుకున్నారు.

సంగతేమిటంటే, ముందురోజు పొద్దున ఒక రాయి మద్దిలేటి పశువుల కొట్టం మీది పాత సిమెంటు రేకును పగలగొట్టుకుని లోపల పడింది. పెయ్యదూడ చెవి చీరింది, కుడితి బాన బద్దలైంది. మధ్యాహ్నం దాకా ఎవరూ చూసుకోలేదు. విసిరింది ఎవరో అసలే చూడలేదు. చూడకపోతేనేం, మద్దిలేటికి తెలుసు! రెండు చేల అవతల జొన్నచేలో మంచె ఎక్కి, వడిసెలతో పిట్టలను తోలే ఈరమ్మ. పోయినవారం అతని ఆవు చేలో పడితే ఊరంతా వినేట్టు తిట్టిందామె. రాయి చూస్తే, వడిసెలలో పెట్టడానికి వాగులో ఏరే నున్నటి రాళ్ల లాంటిదే. ఇంకేం కావాలి? తిన్నగా టీకొట్టు దగ్గరికి పోయి, పదిమంది ముందర బల్ల గుద్ది చెప్పాడు: "అది కావలి గాదప్పా, కడుపుమంట!" చేను ఆసామి శేషిరెడ్డి అక్కడే టీ తాగుతున్నాడు. ఒక్కరోజు చూసి వేరే మనిషిని మంచె ఎక్కిస్తానన్నాడు. ఆ ఒక్కరోజు ఇవాళే. ఈరమ్మ ఇంట్లో పొయ్యి వెలిగేది ఆ మంచె కూలితోనే.

కొట్టంలో అయ్యవారు రేకులో బెజ్జం చూశారు, కింద బాన పెంకులు చూశారు. దారానికి గులకరాయి కట్టి బెజ్జంలోంచి వేలాడదీయమన్నారు. అది దిగి దిగి, పగిలిన బానకు జానెడు దూరంలో ఆగింది; అంటే రాయి దాదాపు నిలువునా దిగిందన్నమాట. అయ్యవారు "ఊఁ" అన్నారు. మద్దిలేటికి ఆ "ఊఁ" నచ్చలేదు. ఈరమ్మ అప్పుడప్పుడూ ఈయనకు పచ్చికంకులు కాల్చి జొన్న ఊచబియ్యం తెచ్చిస్తుంది కదా, ఆ రుచే మాట్లాడుతోందేమోనని అనుమానం పట్టుకుంది. అవునండీ, గురువు మీద కూడా! వెనకాలే నడిచాడు గానీ, ఆయన మొహం మీంచి చూపు తీయలేదు.

మంచె కింద నిలబడి అయ్యవారు, "ఈరమ్మా, రోజూ ఏసినట్టే ఒక రాయి మా మద్దిలేటి కొట్టం దిక్కు ఎయ్యి తల్లీ," అన్నారు. ఈరమ్మ మద్దిలేటి వైపు చూడనైనా చూడలేదు. వడిసెల తిప్పి వదిలింది. రాయి జొన్నకంకుల మీదుగా బారుగా పోయి, కొట్టం గోడకు తగిలి టప్పుమంది.

"ఇంకొకటి. ఈసారి గోడకు గాదు, పైనుంచి రేకు మీద నిలువునా పడాల."

ఈరమ్మ పకపకా నవ్వింది. "ఎవరన్నా ఇంటే నగుతారయ్యోరా! నిలువునా దిగాలంటే నిలువునా ఎగరెయ్యాల. ఈడ నిలబడి అట్ల ఎగరేస్తే ఆడికి యాడ పోతాది? నా నెత్తినే పడ్తాది. కొట్టం మీద అట్ల పడిందంటే, కొట్టం పక్కన నిలబడినోడు ఎగరేసిందే!"

మద్దిలేటి ఏదో అనబోయాడు. అంతలో గుర్తుకొచ్చింది. నిన్న పొద్దున కొట్టం పక్క వేపచెట్టు మీదికి కోతులు వచ్చాయి. గోడ కట్టడానికి తోలించిన వాగు ఇసుక కుప్పలోంచి ఒక రాయి ఏరి, ఇంచుమించు తన నెత్తికి పైగా కొమ్మ మీద కూర్చున్న గండుకోతి మీదికి బలంకొద్దీ ఎగరేసింది ఎవరు? కోతిమూక రేకుల మీదికి దూకి దడదడా పరుగెత్తిన గోలలో ఆ రాయి ఏమైందో అతడు చూడలేదు. కోతులు పోయాయి, అంతే చాలనుకుని ఇంట్లోకి వెళ్లిపోయాడు. పిల్లను చంకలో పెట్టుకుని ఊరంతా వెతికినట్టయింది. సిగ్గుతో చెవులు మండిపోయాయి. ఆ దూడంటే అతనికి ప్రాణం.

"తప్పయిపోయింది ఈరమ్మా," అన్నాడు తల వంచుకుని.

"నాకెందుకు చెప్తావన్నా?" అంది ఆమె మంచె మీంచి. "నన్ను దించమని నాకు చెప్పినావా?"

తిరిగి వస్తూ, గట్టు దాటాక మద్దిలేటి వెనక నుంచే అన్నాడు. "శేషిరెడ్డిని పక్కకు పిలిచి చెవిలో చెప్పేస్తాలే అయ్యోరా. పదిమందిలో చెప్తే రేపు పంతులైనంక నా మాట ఎవరు ఇంటారు?"

అయ్యవారు ఆగలేదు, వెనక్కి తిరిగి చూడనూ లేదు.

"చెవిలో చెప్తే దిగే సగం పొట్టిదైపోతాది నాయనా," అన్నారు. "టీకొట్టు ఇంకా తెరిచే ఉంటాది, పా."